ఇంటి అప్పునకు అసలు వెల యెంత?

గృహప్రవేశమునకు వచ్చిన బంధువులు పాయసము పుచ్చుకొనుచు గృహస్థుని మూడు ప్రశ్నలు అడుగుదురు. వాకిలి ఏ దిక్కున నున్నది? గదులెన్ని? నెలకెంత కట్టవలెను? మొదటి రెండింటికి ఇల్లే సమాధానము చెప్పును. మూడవదానికి గృహస్థుడు ఒక అంకె చెప్పును. విన్నవారు దానిని తమ జీతముతో సరిచూచుకొని, పరవాలేదనియో బరువనియో తలయూపుదురు. అంతటితో ఆ మాట ముగియును. ఆ అప్పు తీరునప్పటికి మొత్తము మీద ఎంత కట్టవలసివచ్చును, నీ ఎన్నవయేట అది తీరును అని అడిగిన చుట్టమును మేమింతవరకు చూడలేదు. అడుగవలసిన ప్రశ్న అదియేయని మనవి చేయుటకే నేటి ఈ ప్రసంగము.

ఒక లెక్కతో ఆరంభింతము. శ్రోతలు కాగితము, కలము దగ్గర నుంచుకొన్నచో మేలు. ఒక కుటుంబము ఇల్లు కొనుటకై 30 లక్షల రూపాయలను సాలుకు 8.5 శాతము వడ్డీకి, 20 సంవత్సరముల గడువునకు తీసికొన్నదనుకొందము. నెలసరి వాయిదా, అనగా నేడు అందరి నోట నాడుచున్న ఇ.ఎం.ఐ., 26,035 రూపాయలగును. ఇట్టి వాయిదాలు 240 కట్టవలెను. హెచ్చించి చూడుడు. మొత్తము 62 లక్షల 48 వేల రూపాయలు వచ్చును. అందులో 30 లక్షలు అసలు. తక్కిన 32 లక్షల 48 వేలు వడ్డీ. తెచ్చిన అప్పుకంటె దానిపై కట్టిన వడ్డీయే అధికమైనదన్నమాట.

ఇది విన్నవారికి బ్యాంకు మోసము చేసినదని తోచవచ్చును. అది సరికాదు. 8.5 శాతమనగా మన పల్లెల లెక్కలో నూటికి నెలకు 71 పైసలు మాత్రమే. నూటికి రెండు రూపాయలకు అప్పిచ్చు వడ్డీవ్యాపారితో పోల్చినచో ఇది చాల చౌక. పైగా బ్యాంకు ప్రతి నెలయు ఇంకను తీరక మిగిలియున్న అసలు మీదనే వడ్డీ కట్టును. వడ్డీ రేటు స్వల్పమే, దీర్ఘమైనది కాలము. ఇంటి అప్పులో వెలను పెంచునది ముఖ్యముగా ఈ కాలమే.

దాని తీరు చూడుడు. మొదటి నెలలో 30 లక్షల మీద వడ్డీ 21,250 రూపాయలగును. మనము కట్టిన 26,035లో అది పోగా అసలునకు జమయగునది 4,785 రూపాయలు. మరుసటి నెల అసలు ఆ మేరకు తగ్గినది గనుక వడ్డీ కొలది రూపాయలు తగ్గును. అసలునకు పోవునది అంతే పెరుగును. ఈ మార్పు తొలి సంవత్సరములలో నత్తనడక నడచి, చివరి సంవత్సరములలో పరుగెత్తును. పది సంవత్సరములు తప్పక కట్టిన పిదప లెక్క చూచుకొన్నచో, మన చేతినుండి పోయినది 31 లక్షల 24 వేలు. ఇంకను తీరవలసిన అసలు దాదాపు 21 లక్షలు! తెచ్చిన అప్పులో సగము, అనగా 15 లక్షలు, తీరుటకు 13 సంవత్సరముల 10 నెలలు పట్టును. సగము కాలము గడచినది గనుక సగము అప్పు తీరినదని సంతోషించు గృహస్థులు ఈ సంగతి గమనింతురుగాక.

ఇప్పుడు గడువును మార్చి చూతము. వాయిదా బరువుగా నున్నదనినచో, 30 సంవత్సరములు పెట్టుకొనుడు, తగ్గునని సలహా చెప్పువారుందురు. తగ్గుట నిజమే. 26,035 కాస్త 23,067 అగును. నెలకు 2,968 రూపాయల ఊరట. కాని మొత్తము వడ్డీ 32 లక్షల 48 వేలనుండి 53 లక్షల 4 వేలకు పెరుగును. నెలకు మూడువేలలోపు ఊరటకై ఇరువది లక్షలకు మించి అధికముగా చెల్లింపవలెను. అటుకాక 15 సంవత్సరములకు కుదించుకొన్నచో వాయిదా 29,542 అగును. నెలకు 3,500 చిల్లర ఎక్కువ కట్టవలెను. కాని మొత్తము వడ్డీ 23 లక్షల 18 వేలకు దిగును. తొమ్మిది లక్షలకు పైగా మిగులును. గడువును ఎన్నుకొనునప్పుడు మనము వెలను కూడ ఎన్నుకొనుచున్నామని మరువరాదు.

ఇంతవరకు చెప్పినది వడ్డీ రేటు మారదను ఊహతో వేసిన లెక్క. నిజమున అది మారును. ఈ విషయమున మా ఇంటి ముచ్చట నొకదానిని చెప్పుటకు శ్రోతలు అనుమతింతురుగాక. మేము 2021లో, మా 42వ యేట, 6.75 శాతము వడ్డీకి 30 లక్షలు అప్పు తెచ్చితిమి. గడువు 15 సంవత్సరములు. 57వ యేట అప్పు తీరును, 60వ యేట ఉద్యోగ విరమణ, నడుమ మూడేండ్లు పిల్లల పెండ్లి పేరంటములకు అని మా లెక్క. వడ్డీ మారునని పత్రములలో వ్రాసియున్న మాట నిజమే. మేము సంతకము చేసిన మాటయు నిజమే. 2022 మే నెలనుండి 2023 ఫిబ్రవరి వరకు రిజర్వు బ్యాంకు తన రెపో రేటును 4 శాతమునుండి 6.5 శాతమునకు పెంచినది. బ్యాంకులు మారు వడ్డీపై ఇచ్చు కొత్త ఇంటి అప్పులను ఇట్టి బయటి కొలమానమునకు ముడిపెట్టవలెనని 2019 అక్టోబరునుండియే నియమమున్నది. కనుక మా వడ్డీ కూడ 9.25 శాతమయ్యెను.

అయినను మా వాయిదా ఒక్క రూపాయి పెరుగలేదు. నెలనెల అదే సొమ్ము జీతమునుండి పోవుచుండుటచే మేము నిశ్చింతగా నుంటిమి. సెల్ ఫోనుకు వచ్చిన సందేశములను చదివిన పాపాన పోలేదు. 2023 నడుమ ఒకనాడు ఏదో పన్ను లెక్కకై బ్యాంకునుండి వివరణ పత్రము తెప్పింపగా, 156 ఉండవలసిన మిగిలిన వాయిదాలు 220 అని కనబడెను. మేము అచ్చు తప్పనుకొంటిమి. మా అమ్మాయి కాగితము తీసికొని వేళ్ళమీద లెక్కవేసి, "నాన్నగారూ, అప్పటికి మీకు అరవై రెండేళ్ళు కదా! జీతం ఎక్కడిది?" అనెను. ఆ ప్రశ్నకు మా వద్ద సమాధానము లేకపోయెను. వాయిదాను కదలనీయక గడువును అయిదు సంవత్సరములకు మించి సాగదీసియుండిరి. మాకు తెలియకుండనే విరమణ తరువాతి మా రోజులు తాకట్టులోనికి పోయినవి.

మరునాడే బ్యాంకునకు పోయి, గడువు మా 60వ యేటికి ముగియునట్లు చేయుడని కోరితిమి. వాయిదా నెలకు 1,550 రూపాయలు పెరిగెను. 28 వాయిదాలు తగ్గినవి. ఆ రేటు అట్లే యుండునను లెక్కచొప్పున మిగులు సొమ్ము నాలుగు లక్షలకు పైమాట. అడిగిన పని అరగంటలో అయినది. అడుగుటకే మాకు ఏడాది పట్టినది.

ఇట్టి అనుభవము మా ఒక్కరిదే కాదు. అందుచేతనే కాబోలు రిజర్వు బ్యాంకు 2023 ఆగస్టులో బ్యాంకులకు ఆదేశములిచ్చినది. వడ్డీ మారినప్పుడు వాయిదాను పెంచుకొందురా, గడువును పెంచుకొందురా, రెండును కొంత కొంత పెంచుకొందురా అను ఎంపికను అప్పు తీసికొన్నవారికే ఈయవలెను. మూడు నెలల కొకసారి ఇంతవరకు జమయైన అసలెంత, వడ్డీ యెంత, మిగిలిన వాయిదాలెన్ని అని తెలుపు పత్రమును అందుబాటులో నుంచవలెను. 2024 అక్టోబరునుండి కొత్త అప్పులకు సంబంధించిన ముఖ్యాంశముల పత్రమును, వాయిదాల పట్టికతోను, అన్ని రుసుములు కలిపిన నిజమైన వార్షిక రేటుతోను, అప్పు తీసికొనువారికి అర్థమగు భాషలో ఈయవలెను. కావున తెలుగులో అడిగి పుచ్చుకొనుటకు ఎవరును సంకోచింప పనిలేదు. అయితే పత్రము ఈయవచ్చును గాని, దానిని మన బదులు చదువువారు లేరు.

అప్పుచేసినవారికి కాలము శత్రువైనచో, దానిని లొంగదీయు ఉపాయము కూడ కాలములోనే యున్నది. మొదట చెప్పిన 30 లక్షల అప్పునే మరల తీసికొందము. మొదటి సంవత్సరాంతమున, వాయిదాలకు తోడు, ఒక లక్ష రూపాయలు అసలునకు జమ కట్టి, వాయిదాను మార్చక గడువును తగ్గించుకొన్నచో 18 వాయిదాలు తగ్గును. అనగా ఆ లక్ష పోగా దాదాపు 3 లక్షల 70 వేలు మిగులును. అదే లక్షను పదునైదవ సంవత్సరాంతమున కట్టినచో మిగులునది 50 వేల ప్రాంతము మాత్రమే. లక్ష ఒకటే, తేడా కట్టిన వేళలో నున్నది. కనుక పాత బకాయియో, పంట సొమ్మో, చీటీ పాటయో చేతికి వచ్చినప్పుడు తొలి సంవత్సరములలోనే కొంత జమ కట్టుట లాభము. మారు వడ్డీపై తీసికొన్న ఇంటి అప్పును ముందుగా తీర్చినందుకు బ్యాంకులు అపరాధ రుసుము వసూలు చేయరాదని 2012లోనే రిజర్వు బ్యాంకు నిర్ణయించియున్నది. 2025 ఫిబ్రవరి, జూన్ నెలల నడుమ జరిగినట్లు రెపో రేటు తగ్గినప్పుడు కూడ, వాయిదాను తగ్గించుకొనక గడువునే తగ్గించుకొనుట వివేకము.

వెలలో మరికొన్ని భాగములు గలవు. మన రెండు రాష్ట్రములలోను స్టాంపు, రిజిస్ట్రేషను ఖర్చులు కలిసి సాధారణముగా ఇంటి విలువలో 7.5 శాతమగును, 40 లక్షల ఇంటికి 3 లక్షలు. ఇది అప్పులో కలియదు, చేతినుండి పెట్టుకొనవలెను. అప్పు మంజూరు రుసుము, తాకట్టు పత్రపు ఖర్చు, భీమా, ఏటేట ఇంటిపన్ను ఉండనే యున్నవి. ఆదాయపు పన్ను మిగులునని కొందరు ధైర్యము చెప్పుదురు. పాత విధానములో నున్నవారికి, తాము నివసించు ఇంటి వడ్డీపై సాలుకు 2 లక్షల వరకు మినహాయింపు కలదు. కొత్త విధానములో అదియును లేదు. ఉన్నవారికైనను, 30 శాతపు పన్ను కట్టువారు నూరు రూపాయల వడ్డీ కట్టినచో ముప్పది రూపాయలు తిరిగివచ్చును. తక్కిన డెబ్బది పోయినట్లే.

ఇంత చెప్పితిమి గనుక అప్పుచేసి ఇల్లు కొనరాదని మా అభిప్రాయమని శ్రోతలు తలంపరాదు. అద్దె కూడ తిరిగిరాని సొమ్మే. అదియును ఏటేట పెరుగునది. ఇరువది సంవత్సరముల తరువాతి 26 వేలు నేటి 26 వేలంత బరువుండవు. జీతము పెరుగుచుండును, రూపాయి విలువ తగ్గుచుండును. సొంత వాకిట ముగ్గు వేసికొను తృప్తికి లెక్క కట్టలేము. మొత్తము సొమ్మును కూడబెట్టువరకు ఆగినచో మన మధ్యతరగతివారిలో చాలమందికి ఆ తృప్తి దక్కదు. మా మనవి ఒక్కటే. వెల తెలిసి కొనుడు. కూరగాయల అంగడిలో రెండు రూపాయలకు బేరమాడు మనము, జీవితములో నెల్ల పెద్ద బేరమున నెలకెంతయని మాత్రమే అడిగి ఊరకుండుట తగునా?

కావున అప్పున్న ప్రతి ఇంటను సంవత్సరమున కొకమారు, ఉగాది మరునాడో మరొకనాడో, ఇంటివారందరు కూర్చుండి వివరణ పత్రమును చదువుదురుగాక. మిగిలిన అసలెంత, మిగిలిన వాయిదాలెన్ని, ఆఖరి వాయిదా నాటికి ఇంటిపెద్దకు ఎన్నేండ్లు అని మూడు అంకెలు వ్రాసి గోడపట్టికపై నంటింతురుగాక. మా ఇంట ఆ పని మా అమ్మాయి చేయుచున్నది. అప్పు పూర్తిగా తీరిన పిమ్మట 30 దినములలో అసలు దస్తావేజులను తిరిగి ఇయ్యవలెనని, బ్యాంకు వలన జాప్యమైనచో దినమునకు 5,000 రూపాయల చొప్పున పరిహారము చెల్లింపవలెనని 2023 డిసెంబరునుండి నియమము అమలులో నున్నది. ఆ దస్తావేజులు ఇంటికి వచ్చిననాడు మరల పాయసము వండుకొనవచ్చును. మా మట్టునకు, గృహప్రవేశపు పాయసముకంటె ఆనాటి పాయసమే తియ్యగా నుండునని నమ్ముచున్నాము.