జంతుశాలకు తాళము వేయుటకు ముందు



జంతుశాల యనగానే హైదరాబాదులోని నెహ్రూ జంతుశాల మీకు జ్ఞప్తికి రావచ్చును. చట్టము చూపు అంతకంటె విశాలమైనది. పట్టణపు పార్కులో నాలుగు బోనులు పెట్టినను, ఊరూర తిరుగు సర్కసులో నుంచినను, పట్టి తెచ్చిన వన్యమృగములను ప్రజలకు చూపు ప్రతి తావును జంతుశాలయే. తిరునాళ్లలో బోను దింపి టిక్కెట్టు వసూలు చేయువారు ఈ మాట గమనింపవలెను.

1972 నాటి వన్యప్రాణి సంరక్షణ చట్టమును 1991లో సవరించిరి. దాని ననుసరించి 1992లో కేంద్ర జంతుశాలల ప్రాధికార సంస్థ ఏర్పడినది. ఆ సంస్థ గుర్తింపు లేనిదే ఎవరును జంతుశాల నడుపరాదు. ఆ సంస్థ ఒకప్పుడు ప్రకటించిన లెక్క ప్రకారము పరిశీలించినవి 513; గుర్తింపు నిరాకరింపబడినవి 346; వానిలో మూతపడినవి 303. మన పొరుగున కోయంబత్తూరులోని వ.ఉ.చిదంబరం పార్కు జంతుశాలకు సైతము 2022లో గుర్తింపు రద్దయినది. చోటు చాలకపోవుట అందుకు ముఖ్య కారణము.

ఇన్ని మూతపడెనని విని, అధికారి తలచినదే తడవుగా తాళము పడునని భావింపరాదు. చట్టములోని 38-హెచ్ సెక్షను ప్రకారము, ఇచ్చిన గుర్తింపును నిలిపివేయుటకైనను, రద్దుచేయుటకైనను కారణములను వ్రాతలో పెట్టవలెను. అంతకు ముందే జంతుశాల నడపువారికి తమ వాదము వినిపించుకొనుటకు తగిన అవకాశ మీయవలెను. తగిన అవకాశమనగా నామమాత్రపు నోటీసు కాదు. లోపము లేవియో విడమరచి చెప్పవలెను. బదులిచ్చుటకు వ్యవధి యుండవలెను. వచ్చిన బదులును నిజముగా చదువవలెను. ప్రభుత్వపు చర్య న్యాయమైన పద్ధతిలో సాగవలెనని 1978లో సుప్రీంకోర్టు గట్టిగా చెప్పినది. ఆ వ్యాజ్యము పాస్‌పోర్టునకు సంబంధించినది. దానిని తెచ్చిన శ్రీమతి మేనకా గాంధీ అనంతరము జంతుసంరక్షణకు పేరుపొందుట ఒక చిత్రము.

“నోరులేని జీవములు బోనులలో అలమటించుచుండగా ఈ కాగితముల తతంగ మేల?” యని ఎవరైన నడుగవచ్చును. అది సహేతుకమైన ప్రశ్నయే. క్రూరత్వము కంటబడినచో 1960 నాటి జంతుహింసా నివారణ చట్టము క్రింద ఫిర్యాదు చేయుటకు ఈ విచారణ అడ్డురాదు. కాని తనిఖీకి వచ్చినవాడు పొరబడవచ్చును. అంతకంటె ముఖ్యమైనది మరియొకటి కలదు: గుర్తింపు రద్దయిన మరునాడు పులి యెచటికి పోవును? దానిని అడవిలో వదలివేయ వీలులేదు. మొదటి, రెండవ షెడ్యూళ్లలోని మృగములను తరలించుటకు ప్రాధికార సంస్థ ముందస్తు అనుమతి కావలెను. తీసికొను జంతుశాలయు గుర్తింపు గలదై యుండవలెను. కోయంబత్తూరు లేళ్లను అడవికి చేర్చు పనియు ఒక్కనాట ముగియలేదు.

సర్కసుల విషయమును చూడుడు. 1991లో కొన్ని జంతువుల ఆటలను నిషేధించుచు ప్రకటన వెలువడగా, సర్కసువారు ఢిల్లీ హైకోర్టు కెక్కిరి. విషయము మరల కమిటీ పరిశీలనకు వచ్చినది. 1998లో వెలువడిన క్రొత్త ప్రకటనలో కుక్కలు లేవు; ఎలుగుబంట్లు, కోతులు, పులులు, చిరుతలు, సింహములు మాత్రము కలవు. 2001లో సుప్రీంకోర్టు దానిని సమర్థించినది. ఆలస్య మైన మాట నిజమే. అయినను, ఇరుపక్షముల మాటయు విన్నందుననే ఆ నిషేధము నిలిచినదని మా అభిప్రాయము. సర్కసుల నుండి వచ్చిన సింహములకు విశాఖపట్టణమునందును, తిరుపతియందును ఆశ్రయ కేంద్రము లేర్పడినవి.

జంతుశాలలు నడపు పురపాలక సంఘముల సభ్యులకు ఒక్క మాట. గుర్తింపు నిరాకరించినను, రద్దుచేసినను, ఉత్తర్వు మీకు చేరిన నాటినుండి 30 దినములలో కేంద్ర ప్రభుత్వమునకు అప్పీలు చేసికొనవచ్చును. గడువు దాటినను, తగిన కారణము చూపినచో స్వీకరింపవచ్చును. కాని దానిని నమ్ముకొని కూర్చుండరాదు. ఉత్తర్వు వచ్చిన కవరును పారవేయక, దానిపై తపాలా ముద్రతోసహా ఫైలులో భద్రపరచుడు. దినముల లెక్కపై వివాదము వచ్చినచో మొదట అడుగునది దానినే.