చచ్చిన చిలుక



హాస్యం మీద మాట్లాడమన్నారు. 1969 డిసెంబరులో బి.బి.సి. టెలివిజన్‌లో 'మాంటీ పైథాన్' బృందంవారు వేసిన చిలుక ఘట్టం నాకు మహా ఇష్టం. జాన్ క్లీజ్ తాను కొన్న చిలుక చచ్చిందని దుకాణానికి తిరిగి తెస్తాడు. దుకాణదారు మైకేల్ పాలిన్ ఒప్పుకోడు. నిద్రపోతోందంటాడు, స్వదేశమైన నార్వే మీద బెంగంటాడు. (నార్వేలో చిలుకలెక్కడివి!) కాళ్ళకు మేకులు కొట్టి నిలబెట్టారని బయటపడ్డా అదే మాట.

అంతకుముందే ఇదే బాణీలో ఒక ఘట్టం వచ్చింది. అందులో ఉన్నది చెడిపోయిన కారు. క్లీజ్, గ్రాహం చాప్మన్ కలిసి కారు బదులు చిలుకను పెట్టారు. కారు చెడిందా లేదా అని వాదించవచ్చు. చచ్చిన చిలుక దగ్గర వాదనేముంది? నవ్వంతా అక్కడే ఉంది.

1989లో చాప్మన్ పోయారు. సంస్మరణ సభలో క్లీజ్ ఆ చిలుక చావుకు వాడిన మాటలే మిత్రుడికీ వాడి, దుఃఖంలో ఉన్నవారిని నవ్వించాడు.

మన దగ్గర వ్యవహారం తిరగబడింది. నిరుడు నవంబరులో ఒక కౌంటరు దగ్గర, నా పేరు మరణించినవారి జాబితాలో ఉందన్నారు. "నేనే కదా బాబూ, మాట్లాడుతున్నది!" అన్నాను. "కాగితం తెండి" అన్నాడు. తెచ్చాను. మూడు నెలల బకాయి ఇంకా రావాలి.