చేతిలో ఫోను, పక్కన మనిషి లేడు
(మండవల్లి మండలంలో పేట యువజనుల సభలో చేసిన ప్రసంగ పాఠం)



ఒంటరితనం మేడల్లో ఉండేవాళ్ళ జబ్బని మనం అనుకుంటాం. ప్రపంచ ఆరోగ్య సంస్థ 2025 జూన్‌లో ఇచ్చిన నివేదిక దానికి తిరగేసి చెప్పింది. ధనిక దేశాల్లో నూటికి 11 మంది ఒంటరితనంతో బాధపడుతుంటే, పేద దేశాల్లో 24 మంది! లెక్క జెనీవాలో వేశారు గానీ ఆ మనిషి మన చెరువు గట్టు మీదే ఉన్నాడు.

కొల్లేరు చుట్టూ వరిచేలెన్నో చేపల చెరువులయ్యాయి. వరి ఉన్నప్పుడు ఊడ్పుకి పదిమంది ఒక వరసలో వంగేవారు. పాట ఉండేది, తగువూ ఉండేది. కూలిరేటు మాట గట్టు మీదే తేలేది. చెరువుకి కావాల్సింది గుడిసెలో ఒక్క కాపలామనిషి. తెల్లార్లూ చేతిలో ఫోను, రీలు మీద రీలు. అవతలి గట్టు మీద ఇంకో గుడిసె, ఇంకో ఫోను వెలుగు. ఒకరి జీతమెంతో ఒకరికి తెలియదు. ఇది ఎవరికి లాభమో నేను చెప్పక్కర్లేదు.

ఇక కువైట్ వెళ్ళిన మన అక్కచెల్లెళ్ళు. ఒకప్పుడు క్యాసెట్లో మాట నింపి పంపితే ఇంటిల్లిపాదీ చుట్టూ కూచుని వినేవారు. ఇప్పుడు వీడియోలో మొహమే కనిపిస్తోంది. మేడం ఇంట్లో పనంతా అయ్యేసరికి అక్కడ రాత్రి పదకొండు, ఇక్కడ ఒంటిగంటన్నర. "తిన్నావా?" "తిన్నానమ్మా." కూతురూ అబద్ధమాడుతుంది, తల్లీ అబద్ధమాడుతుంది. ఫోను దాన్నీ బాగానే మోస్తుంది.

నేను ఫోనుకి శత్రువుని కాను. కానీ 1985 జూలై 17న కారంచేడులో మనవాళ్ళని చంపినప్పుడు ఎవరి చేతిలో ఫోనుంది? మిగిలినవాళ్ళు చీరాల చేరి ఒకచోట కూచున్నారు. ఆ ఏడాదే దళిత మహాసభ పుట్టింది. ఇవాళ దాడి వీడియో గంటలో వెయ్యిమందికి చేరుతుంది. ఏడుపు బొమ్మ పెట్టి వేలితో పైకి తోసేస్తాం. దెబ్బతిన్నవాడితో పోలీసు స్టేషనుకి నడిచేది ఎంతమంది?

ఊరి వాట్సాప్ గ్రూపులో మన నంబర్లూ ఉన్నాయి. పండగ శుభాకాంక్షలు వస్తాయి, పెళ్ళి పిలుపు రాదు. దగ్గరగా ఉండటం వేరు, ఒక సమాజంగా బతకడం వేరని అంబేద్కర్ 1936లోనే 'కులనిర్మూలన'లో తేల్చారు. అదీ ప్రసంగమే. లాహోరు సభవాళ్ళు జంకి సభ రద్దు చేస్తే సొంతంగా అచ్చు వేయించుకున్నారు.

నేనడిగేది పెద్ద పని కాదు. వారానికొక రాత్రి కాపలావాళ్ళు వంతులేసుకుని పేటకి రావాలి. జీతం మాట అక్కడే మాట్లాడదాం. గల్ఫ్ ఇళ్ళలో ముసలివాళ్ళని చెయ్యిపట్టి తీసుకురావడం కుర్రాళ్ళ పని. ఫోన్లు దాచక్కర్లేదు, తెచ్చుకోండి. కువైట్ నుంచి అక్క ఫోను చేస్తే స్పీకర్ పెట్టి అందరం మాట్లాడదాం.