అజంతాను గ్రంథస్థము చేసిన ఆచార్యుడు

సాయంకాలము చిక్కడపల్లి కేంద్ర గ్రంథాలయము మీదుగా నడచిపోవునపుడు, నారాయణగూడ నుండియు, అశోక్‌నగర్ నుండియు వచ్చి చరిత్రను వల్లెవేయుచున్న విద్యార్థులు మనకు కనబడుదురు. అజంతా ఎచట నున్నదని అడిగిన తడుముకొనక చెప్పుదురు. ఆ చిత్రములు మనకెట్లు దక్కినవో మాత్రము పరీక్షలలో అడుగరు. ఆ సంగతి నేడు చెప్పుకొందము.

అజంతా చిత్రములకు రాబర్ట్ గిల్ ఏండ్ల తరబడి వ్రాసిన ప్రతులలో అధికభాగము 1866లో లండనులో అగ్నికి ఆహుతియైనది. గ్రిఫిత్స్ బృందము మరల వ్రాసిన ప్రతులలో పెక్కు 1885లో అచ్చటనే కాలిపోయినవి. ఇచట గుహలలో మట్టిపూతపై నున్న రంగులు పెచ్చులూడుచుండెను.

ఆ 1885లోనే ఢిల్లీలో గులాం యజ్దానీగారు జన్మించిరి. అరబ్బీ, పారశీక భాషలలో పండితులై, కళాశాలలలో బోధించిన ఆయన, 1914లో హైదరాబాదు సంస్థానమున పురావస్తుశాఖ ఏర్పడగా దానికి తొలి అధిపతులైరి. నాడు అజంతా ఈ సంస్థానములోనిదే. 1920-22లో ఇటలీ నిపుణులను రప్పించి, ఊడిపోవుచున్న రంగుపొరలను గోడకు అతికింపించిరి. 1922లో పాలంపేట రామప్ప గుడిని గూర్చి వారి గ్రంథము వెలువడినది.

ఆ సంవత్సరమే ఆఫ్రికా ఖండమున, ఈజిప్టులో, హోవర్డ్ కార్టర్ టుటంఖామన్ సమాధిని కనుగొనెను. ప్రతి వస్తువునకు సంఖ్య వేసి, ఛాయాచిత్రము తీయించి, పదేండ్లు శ్రమించి దాదాపు అన్నిటిని వెలికి తెచ్చెను. లోకమంతయు ఆయన పేరు విన్నది. కాని సమగ్రమైన శాస్త్రీయ నివేదిక పూర్తి కాకయే 1939లో ఆయన గతించెను.

యజ్దానీగారి అజంతా గ్రంథము మొదటి భాగము 1930లోను, రెండవది 1933లోను, మూడవది 1946లోను వచ్చినవి. 1943లోనే వారు ఉద్యోగము విరమించిరి గాని, పని విరమింపలేదు. నాలుగవ భాగము 1955లో, వారి డెబ్బదవ యేట, వెలువడినది. 1959లో పద్మభూషణ్ బిరుదము లభించినది. 1962లో వారు కన్నుమూసిరి.

పురావస్తువును త్రవ్వితీయుట, కాపాడుట సగము పని. చూచినదానిని వ్రాసి పదిమందికి అందించుట తక్కిన సగము. ఈ రెండవ సగమునకు పేరు తక్కువ, ఓర్పు ఎక్కువ కావలెను.

మన యిండ్లలోను తాతలనాటి ఛాయాచిత్రములుండును. అందున్నవారిని గుర్తింపగల పెద్దలు మనమధ్య నుండగనే, వెనుకవైపున వారి పేర్లు వ్రాసి ఉంచుదము.