ఓడ లెక్క, ఒడ్డు లెక్క



కాలయాన సాహిత్యం మీద మాట్లాడేవారు వెల్స్‌తో మొదలుపెట్టడం ఆనవాయితీ. ఆయన 1895 నాటి కాలయంత్రం నవల గురించి మీకు నేను కొత్తగా చెప్పేదేమీ లేదు. ఒక్క సంగతి మాత్రం గుర్తు చేస్తాను. ఆ యంత్రం మీద ఒక మనిషి కూర్చోవడానికి జీను ఉంది, సరుకు పెట్టడానికి చోటు లేదు. అంత దూరం వెళ్లొచ్చినవాడు జేబులో రెండు వాడిపోయిన పూలు తెచ్చాడు, అంతే. మన విమర్శ ఇప్పటికీ ఆ జీను దిగలేదు. వెల్స్‌కు ఎనిమిదేళ్ల ముందే, 1887లో, ఎన్రికే గాస్పార్ స్పానిష్‌లో మనుషులూ సామానూ పట్టే పెద్ద ఇనుప ఓడనే కాలం మీద నడిపాడు. ఆయన పేరు మన సదస్సుల్లో ఎన్నిసార్లు విన్నారు?

నేను రేవు పిల్లవాణ్ణి. మా నాన్నగారు విశాఖపట్నం రేవులో టాలీ గుమాస్తా. మాంగనీసు, గోనె బస్తాలు, పెట్టెలు, ఏది ఎక్కినా ఏది దిగినా లెక్క రాయడం ఆయన పని. నాలుగు నిలువు గీతలు, వాటి మీద అయిదోది అడ్డంగా. లెక్కలు రెండు ఉంటాయి. ఓడ తరఫు గుమాస్తా ఒకటి రాస్తాడు, ఒడ్డు తరఫు గుమాస్తా ఒకటి. సాయంత్రానికి రెండూ కలవాలి. కలవకపోతే ఇద్దరూ లాంతరు కింద కూర్చుని మళ్లీ మొదటి గీత నుంచి చదువుకునేవారు. ఒక రాత్రి చిరిగిన బస్తా ఒకదాన్ని లెక్కలోకి తీసుకోవాలా వద్దా అని ఇద్దరూ పట్టుబట్టి కూర్చోవడం నేను కళ్లారా చూశాను. నాన్నగారికి అన్నం తీసుకెళ్లినవాణ్ణి. క్యారేజీలో అన్నం చల్లారిపోయింది గానీ ఆయన గీత చెరపలేదు.

జీవితమంతా నేను అడుగుతూ వచ్చిన ప్రశ్న అక్కడిదే. ఓడ లెక్క రాసినవాడికీ ఒడ్డు లెక్క రాసేవాడికీ మధ్య మూడు వందల ఏళ్లుంటే ఆ రెండు పుస్తకాలూ ఎలా కలుస్తాయి? కాలంలో నడిచే సరుకు ఓడ కథకు గుండెకాయ ఇదేనని నా నమ్మకం. మనవడు వెనక్కి వెళ్లి తాతను చంపితే ఏమవుతుందన్న చిక్కుముడి మీద నా సహచరులు కొందరు నలభై ఏళ్లు గడిపారు. ఈ సదస్సులో నిన్న మధ్యాహ్నం కూడా రెండు గంటలు దానికే పోయాయి. ఆ చిక్కు తెలివైనదే, కాదనను. కానీ అందులో ఒక్క బస్తా దిగదు.

ఈ ప్రశ్నను అందరికంటే శుభ్రంగా పట్టుకున్నది కథకుడు కాదు, ఆర్థికవేత్త. 1978లో యేల్‌లో కుర్ర అధ్యాపకుడిగా ఉన్న పాల్ క్రుగ్‌మన్ నక్షత్రాల మధ్య వ్యాపారం మీద ఒక వ్యాసం రాశాడు. ఆయనకు నోబెల్ వచ్చింది 2008లో, ఆ వ్యాసం పత్రికలో అచ్చయింది 2010లో. కాంతి వేగానికి దగ్గరగా పోయే ఓడలో గడియారం నెమ్మదిగా నడుస్తుంది. మరి దారిలో ఉన్న సరుకు మీద వడ్డీ ఏ గడియారం ప్రకారం కట్టాలి? గ్రహాల మీది గడియారం ప్రకారమే అంటాడాయన. ఆ డబ్బు సరుకులో పెట్టకుండా ఊళ్లోనే అప్పుకిచ్చి ఉంటే వడ్డీ ఊరి కాలం లెక్కనే పెరిగేది కాబట్టి. అంటే ఒడ్డు లెక్కే నెగ్గింది. ఈ వ్యాసం సరదాకు రాసిందని పక్కన పెట్టేవాళ్లతో నాకు సంధి కుదరదు.

అసిమోవ్ 'ది ఎండ్ ఆఫ్ ఎటర్నిటీ' 1955లో వచ్చింది. శతాబ్దాల మధ్య వర్తకం నడపడం అందులోని ఎటర్నిటీ అనే సంస్థ లోకానికి చూపించే పని, చరిత్రను దిద్దడం దాని అసలు పని. విమర్శకులంతా వర్తకాన్ని తెర అన్నారు, తెర తీసి లోపలికి వెళ్లిపోయారు. ఆ తెరే లేకపోతే ఏ శతాబ్దం వాళ్లను గడప తొక్కనిచ్చేది? సిల్వర్‌బర్గ్ 'హాక్స్‌బిల్ స్టేషన్' ఇంకా కఠినమైనది. రాజకీయ ఖైదీలను కోట్ల ఏళ్ల వెనక్కి తోసేస్తారు, సామాను పంపుతుంటారు. ఖైదీలు ట్రైలోబైట్లు వండుకు తింటారు. కథ చివరికొచ్చేదాకా పైనుంచి దిగడమే గానీ కిందనుంచి పైకి చీటీ కూడా పోదు. ముట్టిందని రాసిచ్చే దారి లేని సరుకు అది.

1982 మార్చిలో వచ్చిన 'డాక్టర్ హూ' టీవీ కథ 'ఎర్త్‌షాక్' గురించి తప్పక చెప్పాలి. భూమికి వస్తున్న సరుకు ఓడ అందులో ఉంది. సిలోల్లో సరుకు ముసుగులో సైబర్‌మెన్ అనే యంత్రమానవులు దాక్కుని ఉంటారు. ఓడ దారి తప్పి కాలంలో ఆరున్నర కోట్ల ఏళ్లు వెనక్కి జారి భూమిని ఢీకొంటుంది, డైనోసార్లు అంతరిస్తాయి. డాక్టర్ వెంట తిరిగే కుర్రవాడు ఆడ్రిక్ ఓడలోనే ఉండిపోయాడు. చేతిలో అన్న బెల్టు. చివర పేర్లు సంగీతం లేకుండా పడతాయి. అందరూ ఆడ్రిక్ కోసం ఏడ్చారు, నేనూ ఏడ్చాను. అయినా ఆ ఓడ ఏ రేవుకూ చేరలేదన్న మాట ఒక్క వ్యాసంలోనూ నాకు కనబడలేదు.

బద్దలైన ఓడలోని సరుకు ఎవరిది? దీనికి మన తీరంలోనే రాతి మీద జవాబు ఉంది. మోటుపల్లిలో కాకతీయ గణపతిదేవుడి అభయశాసనం. పదమూడో శతాబ్దం. తుఫాను తోసుకొచ్చిన ఓడల్లోని ఏనుగులు, గుర్రాలు, రత్నాలు అంతకుముందు రాజులు లాక్కునేవారట. గణపతిదేవుడు సుంకం తప్ప మిగతాదంతా వర్తకుడికే వదిలేశాడు. ప్రాణం కంటే ధనం ముఖ్యమనుకుని సముద్రం మీదికి వచ్చినవాళ్లని జాలిపడి ఆ మాట ఇచ్చాడు. కాలం తుఫానులో మన తీరానికి కొట్టుకొచ్చిన రేపటి ఓడకు ఈ శాసనం వర్తిస్తుందా? ఈ ఒక్క ప్రశ్న మీద ఒక తెలుగు నవల రావాలి.

మన పురాణాల్లో అన్నీ ఉన్నాయని ఏటా ఒకరు, కూతురికి తగిన వరుణ్ణి అడగడానికి ఆమెతో బ్రహ్మ దగ్గరికి వెళ్లిన రాజు కకుద్మిని తెస్తారు. తేనివ్వండి, కానీ సరిగా చదవండి. ఆడపిల్లను సరుకనడం నా ఉద్దేశం కాదు. నేను చూసేది ఆయన మనసులో పట్టుకెళ్లిన వరుల జాబితాను. బ్రహ్మలోకంలో కాసేపు నిలబడ్డాడు, కింద ఇరవై ఏడు మహాయుగాలు గడిచాయి, జాబితాలో ఒక్క పేరూ మిగల్లేదు. మన సినిమా సంగతీ అంతే. 'ఆదిత్య 369' వచ్చి ఇన్నేళ్లయినా అందరూ రాయల కొలువు గురించే మాట్లాడతారు. ఆ కథను నడిపేది సాలార్‌జంగ్ మ్యూజియంలోని వజ్రం కాదా?

చిన్నప్పుడు నేనూ ఒక కథ రాశాను. ఎప్పటిదో తెలియని ఓడ రేవులోకి వస్తుంది, ఇద్దరు గుమాస్తాలు రాత్రంతా లెక్క చూసుకుంటారు. నాయకుడు లేడని ఒక పత్రిక తిప్పి పంపింది. ఆ మాట నన్ను ఇరవై ఏళ్లు కథ రాయనివ్వలేదు. కుర్ర రచయితలు ఆ మాట వింటే ఆగకండి.

అయితే ఆ కథ రాయడానికి మాటలు కావాలి. కంటైనర్లు వచ్చాక బస్తా లెక్క చాలావరకు పోయింది. సరంగులు, కలాసీలు, టాలీ గుమాస్తాలు వాడిన మాటలు వాళ్లతోనే పోతున్నాయి. విశాఖ, కాకినాడ, మచిలీపట్నం, భీమునిపట్నంలో మిగిలిన పెద్దవాళ్ల దగ్గర కూర్చుని ఆ మాటలు రాసుకోవాలి. నాకు తెలిసినంతలో విశ్వవిద్యాలయాల్లో ఈ పని ఎవరూ తలకెత్తుకోలేదు, మనమే ఎత్తుకోవాలి. నాన్నగారి టాలీ పుస్తకం ఒకటి నా దగ్గర ఉంది, అందులో నాకే అర్థంకాని మాటలు పదకొండు ఉన్నాయి. రేపు ఉదయం సమావేశంలో దానికి అరగంట ఇమ్మని నిర్వాహకులను అడిగాను, ఒప్పుకున్నారు. పుస్తకం తెస్తాను. రేవుల నుంచి వచ్చినవాళ్లు ముందు వరసలో కూర్చోండి.