బెల్లమే బంగారం

వస్తువు ధరను దాని అవసరమూ, దాని కొరతా నిర్ణయిస్తాయని అర్థశాస్త్ర గ్రంథాలు చెబుతాయి. సామాన్యంగా అది నిజమే. కాని ఏ వస్తువు ఎవరికి అవసరమన్న ప్రశ్న వేసుకొంటే, ఆ జనం దేనిని గౌరవిస్తారో, దేనికి సిగ్గుపడతారో తెలిస్తేగాని జవాబు దొరకదు. ఇందుకు దృష్టాంతం వెదుకుతూ దూరం పోనక్కరలేదు. ములుగు జిల్లా తాడ్వాయి అడవులలోని మేడారం చాలు.

రెండేండ్లకొకసారి మాఘశుద్ధ పౌర్ణమి వేళ నాలుగు దినాలు అక్కడ సమ్మక్క సారలమ్మల జాతర జరుగుతుంది. బుధవారం కన్నెపల్లి నుండి సారలమ్మ, గురువారం చిలుకలగుట్ట నుండి సమ్మక్క గద్దెలకు వస్తారు. విగ్రహాలు లేవు. పూజారులు కోయలు. భక్తులు సమర్పించేది బంగారం. ఆ బంగారం బెల్లం. మొక్కుకొన్న మనిషిని తక్కెడలో కూర్చుండబెట్టి, అంత బరువు బెల్లం తూచి గద్దెకు చేరుస్తారు. దీనినే నిలువెత్తు బంగారమంటారు. ఇంటిలో ఏడాది పొడవునా వాడని బెల్లం ఒక్కనాడు కొంటారు. ఎంత కొనవలెనో ధర చెప్పదు, ఒంటి బరువు చెబుతుంది. ధర పెరిగినదని ఎవరూ సగం మనిషిని తూచరు గదా!

తూకం తూగటం పూర్వం రాజుల వేడుక. తులాపురుష దానమన్నది షోడశ మహాదానాలలో ఒకటి. రాజు తన ఎత్తు బంగారం తూచి దానం చేసేవాడు. అందుకు వాడినదని చెప్పే రాతి తోరణం నేటికీ హంపీలో నిలిచి ఉన్నది. ఆ దానం చూచినవారు రాజు భక్తినే గాక బొక్కసాన్ని కూడ కొలుచుకొనేవారు. అమెరికా పండితుడు వెబ్లెన్ 1899లో ప్రకటించిన గ్రంథంలో, ధనికులు పదిమంది కంటబడేందుకే ఖర్చు చేస్తారని వాదించాడు. ఆ మాట మన రాజుల తక్కెడకు బాగానే అతుకుతుంది. మేడారం తక్కెడకు పూర్తిగా అతకదు. అరవై కిలోల మనిషికి, కిలో యాభై రూపాయల లెక్కన, మూడు వేల రూపాయలతో మొక్కు తీరుతుంది. కూలి చేసుకొనే ఇంటికి అది చిన్న మొత్తం కాదు. అయినా కూడబెట్టగల మొత్తం. బెల్లాన్ని బంగారమనటంలో ఉన్న ఉపకారమిదే. పేదవాడు తక్కువది ఇచ్చానని తలవంచుకోనక్కరలేదు. పక్కనున్న షావుకారు తెచ్చినదీ బెల్లమే.

కాకతీయుల కాలంలో వస్తువులు మనుషులను ఇట్లా సమం చేయలేదు. గణపతిదేవుడు 1244లో మోటుపల్లి రేవులో వర్తకులకు అభయమిస్తూ వేయించిన శాసనంలో చందనం, కర్పూరం, పన్నీరు, దంతం, ముత్యాలు, పగడాలు, పట్టునూలు మున్నగు సరకుల పేర్లున్నాయి. సుంకం ముప్పదింట ఒక వంతు. ఓడలు మోసుకొచ్చిన ఆ పరిమళాలు చాలవరకు కోటలకూ, కోవెలలకూ చేరవలసినవే. అడవిలోని కోయకు వీటితో పనేమున్నది? అతనికి కావలసినది ఉప్పు, గుడ్డ. రాజుకు అతని నుండి కావలసినది కప్పం. కరవు వచ్చి పగిడిద్దరాజు ఆ కప్పం కట్టలేకపోవటమే సమ్మక్క యుద్ధానికి మూలమని జాతర కథ చెబుతుంది. నాడు అడిగిన కప్పం ఇవ్వలేని చోటికి నేడు అడగకుండానే జనం బంగారం మోసుకొని వస్తున్నారు.

ఈ కొనుగోలుకు మరొక ముఖమూ ఉన్నది. బెల్లంతో గుడుంబా కాస్తారు. గుడుంబా ఎన్ని కొంపలు ముంచినదో వరంగల్లు ప్రాంతపు ఆడవారిని అడిగితే చెబుతారు. అందుచేత ఆబ్కారీ వారికి బెల్లం బస్తా కనబడితే అనుమానం. 2024 జాతర ముందు బెల్లం కొనేవారి ఆధార్ వివరాలు తీసుకోవలెనని వర్తకులకు ఆదేశాలు వెళ్ళాయి. అసలు బంగారం కొనేవారిని మాత్రం రెండు లక్షల రూపాయలు దాటితేగాని పాన్ నంబరు అడగరు! ఆదేశంలోని ఉద్దేశం మంచిదే. అయినా మొక్కుబడిని, సారాబట్టీని ఒకే చిట్టాలో వ్రాయటం సబబుగా తోచదు. కొట్టువాడికి రెండూ బెల్లమే. కొన్నవాడికి మాత్రం ఒకటి సరకు, ఒకటి మాట.

నన్ను ఎక్కువగా ఆలోచింపజేసేది వేరొకటి. చెరకు అడవి పంట కాదు. బెల్లం మైదానాల నుండి లారీలలో వస్తుంది. వర్తకులలో అనేకులు పై ఊళ్ళవారు. 1996లో రాష్ట్ర పండుగగా ప్రకటించిన తరువాత రోడ్లు, బస్సులు పెరిగి, జాతర మహా సంత అయినది. షెడ్యూల్డు ప్రాంతంలో కోయల భూమిని గిరిజనేతరులు కొనకుండా 1970 నాటి ఒకటవ నిబంధన కాపాడుతున్నది. నాలుగు దినాల వ్యాపారంలో వారి వాటాను కాపాడే నిబంధన అది కాదు. దేవత తమది, పూజ తమది, కథ తమది. గల్లాపెట్టె ఇతరులది అయితే ఎట్లా? తేనె, ఇప్పపువ్వు, వెదురు సామాను అక్కడి అడవి సరకులే. బెల్లానికి బంగారమని పేరు పెట్టగలిగిన భక్తులు వీటికి కూడ ఒక గౌరవం కల్పించగలరు. దుకాణాల స్థలాలు పంచేవారు మొదట స్థానిక కోయ కుటుంబాలను పిలిస్తే అందుకు దారి ఏర్పడుతుంది.

శనివారం దేవతలు వనప్రవేశం చేస్తారు. భక్తులు ప్రసాదంగా దొరికిన బెల్లం ముక్కను కొంగున మూటగట్టుకొని ఇండ్లకు మరలుతారు. రాలేకపోయిన ఇరుగుపొరుగువారికి దానిని చిదిపి పంచుతూ, బంగారం తీసుకొండని చెబుతారు.