కళ్ళజోడుకు లొంగని చూపు



పిల్లకు బోర్డు మీది అక్షరాలు ఆనడం లేదని బడి నుంచి కబురు వస్తే మనమేం చేస్తాం? కళ్ళజోడు వేయిస్తాం. చాలామందికి దానితో సరిపోతుంది. కొందరికి మాత్రం ఎన్ని అద్దాలు మార్చినా అక్షరం తేటపడదు. అదే పిల్ల వాకిట్లో అడ్డంగా పరుగెత్తే కోడిపిల్లను మాత్రం చటుక్కున పట్టుకుంటుంది, గడప తగలకుండా ఇల్లంతా తిరుగుతుంది. ఇంకేముంది! "అన్నీ కనబడతాయి, పుస్తకమే కనబడదా? చదువు ఎగ్గొట్టడానికి నాటకాలు" అని ఇంటిల్లిపాదీ మొట్టికాయలు వేస్తారు.

ఆ పిల్ల చెప్పేది నిజం కావచ్చునమ్మా. స్టార్గార్ట్ జబ్బు అని ఒకటుంది. అరుదైనదే, సుమారు 8,000 నుంచి 10,000 మందిలో ఒకరికి వస్తుంది. 1909లో కార్ల్ స్టార్గార్ట్ అనే జర్మన్ కంటి డాక్టరు దీన్ని గుర్తించి రాశాడు కనుక ఆ పేరు వచ్చింది. ఎక్కువగా బడి ఈడులోనో, కాలేజీ ఈడులోనో బయటపడుతుంది.

మన కంటి లోపల వెనుకవైపు రెటీనా అనే పలుచని పొర ఉంటుంది. దాని నడుమ ఉన్న చిన్న చోటును మాక్యులా అంటారు. సూదిలో దారం ఎక్కించాలన్నా, బియ్యంలో రాళ్ళు ఏరాలన్నా, ఎదుటి మనిషి మొహం పోల్చుకోవాలన్నా పనిచేసేది ఆ చోటే. చుట్టూ ఉన్న భాగం దారి చూసుకోవడానికి, పక్కన కదిలేవాటిని పసిగట్టడానికి. ఈ జబ్బులో ముందు చెడేది నడిమి చోటు. అందుకే కోడిపిల్ల కనబడుతుంది, అక్షరం కనబడదు.

ఎందుకు చెడుతుంది? చూడటానికి కన్ను విటమిన్ ఎ వాడుకుంటుంది. వాడుకున్నాక కొంత చెత్త మిగులుతుంది. మనం పొద్దున్నే ఇల్లు కసువు ఊడ్చినట్టు, ఆ చెత్త పేరుకోకుండా చూసే జన్యువు ఒకటుంది. దాని పేరు ఎ.బి.సి.ఎ.4. ఈ జబ్బుకు అదే మూలమని 1997లో కనుగొన్నారు. అది సరిగా పనిచెయ్యకపోతే కసువు పేరుకుపోయి, నడిమి చోటులోని కణాలు మెల్లమెల్లగా చచ్చిపోతాయి.

ఇక్కడే మనం జాగ్రత్తపడాలి. చూపు తగ్గిందనగానే విటమిన్ ఎ ఇవ్వమని ఇరుగుపొరుగు సలహా చెబుతారు. ఆ విటమిన్ లోపంతో వచ్చే రేచీకటికి అది మందే. ఈ జబ్బున్న బిడ్డకు మాత్రం కసువు మీద కసువు పోసినట్టవుతుంది. మాత్రలు గానీ, కాడ్ లివర్ నూనె గుళికలు గానీ డాక్టరును అడగకుండా ఇవ్వకండి. ఇంట్లో వండుకునే మునగాకు, తోటకూర మామూలుగా తినవచ్చు.

ఇంకొక మాట. "మా వంశంలో ఎవరికీ లేదు, కోడలు తెచ్చింది" అనే నింద తల్లి నెత్తిన పడుతుంది. ఇది చాలా కుటుంబాల్లో తల్లి నుంచి ఒక లోపం, తండ్రి నుంచి ఒక లోపం కలిస్తేనే వచ్చే జబ్బు. ఇద్దరి చూపూ బాగానే ఉంటుంది. ప్రతి కాన్పులోనూ బిడ్డకు వచ్చే అవకాశం నాలుగింట ఒక వంతు. మన కర్నూలు, కడప వైపు మేనమామకో, మేనత్త కొడుక్కో పిల్లనివ్వడం కొత్త కాదు. ఒకే అవ్వాతాతల రక్తం కనుక ఒకే లోపం ఇద్దరిలోనూ ఉండే వీలు పెరుగుతుంది. ఆస్తి బయటికి పోకూడదని కలుపుకున్న సంబంధంలో ఈ లోపమూ ఇంట్లోనే ఉండిపోతుంది. మేనరికం చేసుకున్న వాళ్ళందరికీ వస్తుందని కాదు, బయటి సంబంధాల్లో రాదనీ కాదు. ఇంట్లో ఒక బిడ్డకు తేలితే మాత్రం, మళ్ళీ మేనరికం మాట ఎత్తేముందు జన్యు సలహా తీసుకోండి.

కర్నూలులో ప్రభుత్వ ప్రాంతీయ కంటి ఆసుపత్రి ఉంది. హైదరాబాదులో 1987 నుంచి ఎల్.వి. ప్రసాద్ కంటి ఆసుపత్రి, చెన్నైలో 1978 నుంచి శంకర నేత్రాలయ పనిచేస్తున్నాయి. రెటీనా డాక్టరు చూడాలని పట్టుబట్టండి. మొదట్లో పైపైన చూస్తే ఏమీ తేలకపోవచ్చు, ఓ.సి.టి. స్కాను వంటి పరీక్షలు కావలసి వస్తాయి.

పోయిన చూపును తిరిగి తెప్పించే మందు లేదు. పరిశోధనలు జరుగుతున్నాయి. అందాకా ఎవరో చెప్పారని కళ్ళలో ఆకుపసర్లు పోయించకండి. ధైర్యం చెప్పే సంగతీ ఉంది. చాలామందికి పక్కచూపు మిగులుతుంది, పూర్తిగా చీకటి కాదు. పిల్ల తల ఓరగా తిప్పి చూస్తే "సూటిగా చూడవే" అని గదమకండి. మిగిలిన చూపును వాడుకునే ఉపాయం అది. ముందు బెంచీలో కూర్చోబెట్టమని పంతులమ్మను అడగండి. భూతద్దం, పెద్ద అక్షరాలు, పాఠం చదివి వినిపించే సెల్‌ఫోను, ఇవన్నీ అక్కరకొస్తాయి. మన ఎండలకు టోపీ, నల్లకళ్ళజోడు తప్పనిసరి.

2016 నాటి వికలాంగుల హక్కుల చట్టంలో మందచూపు కూడా ఉంది. సదరం శిబిరంలో 40 శాతం, ఆపైన వైకల్యమని ధ్రువపత్రం ఇస్తే పరీక్షల్లో రాసిపెట్టే మనిషిని, అదనపు సమయాన్ని అడగవచ్చు. అది దయాదానం కాదు, హక్కు.

ఆడపిల్లయితే "చూపే సరిగా లేనిదానికి చదువెందుకు" అని బడి మాన్పించేవాళ్ళున్నారు. చెడింది కంటి నడుమ ఉన్న చిన్న చోటు, బుద్ధి కాదు. కంటితో కాకపోతే చెవితో నేర్చుకుంటుంది. ఆ మాట ఇంట్లో గట్టిగా అనవలసింది మనమే.